నలభై ఏడో నంబరు రక్తపింజరి

2024 అక్టోబరు 17, గురువారం, ఉదయం పది గంటల ఐదు నిమిషాలు. పుంగనూరుకు మూడు కిలోమీటర్ల ఇవతల, మదనపల్లె రోడ్డును ఆనుకుని ఉన్న భీమరావు పట్టుపురుగుల షెడ్డు. అక్కడ ఉన్నవారు: సర్కిల్ ఇన్‌స్పెక్టర్ ప్రతాప్, భీమరావు భార్య తులసమ్మ, పోలీసు జీపు వెనుక సీటులో కూర్చోబెట్టిన పాముల పరిశోధకుడు ఆరిఫ్, అతని దగ్గర ఏడేళ్లుగా రిజిస్టరు రాస్తున్న నరేంద్ర, ఇద్దరు కానిస్టేబుళ్లు. వీరు కాక, కుప్పం నుంచి రెండు గంటలు ఏకబిగిన కారు నడుపుకుంటూ వచ్చి అప్పుడే దిగిన మునీశ్వరి. పదమూడేళ్లు నేరపరిశోధన ప్రయోగశాలలో పనిచేసి, ఇప్పుడు స్వతంత్రంగా కేసులు చేపడుతున్న ఆమెను ఆరిఫ్ భార్య ఫర్జానా ఫోను చేసి పిలిపించింది.

ప్రతాప్ ఆమెను చూసి నవ్వాడు. ఆ నవ్వులో స్వాగతం లేదు.

“ఈ కేసులో మీకేం మిగల్లేదు మేడమ్. పన్నెండింటికి జీపు మదనపల్లె కోర్టుకు పోతుంది. అంతవరకు కావాలంటే పట్టుపురుగులు చూసుకోండి.”

“గంటా యాభై ఐదు నిమిషాలు,” అంది మునీశ్వరి గడియారం చూసుకుని. “చాలు.”

ప్రతాప్ చేతిలోని కాగితాల ప్రకారం జరిగింది ఇది. ఉదయం 6:10కి భీమరావు పురుగులకు మేత తేవడానికి ఆకుగదిలోకి వెళ్లి, మల్బరీ ఆకు కుప్ప మీద కప్పిన తడిగోతం ఎత్తాడు. కుడి ముంజేతి మీద రక్తపింజరి కాటు వేసింది. పది నిమిషాల్లో అతన్ని పాల వ్యానులో మదనపల్లె ఆసుపత్రికి తరలించారు. 6:20కి తులసమ్మ ఆరిఫ్‌కు ఫోను చేసింది. 7:05కి ఆరిఫ్ మోటారు సైకిలు మీద వచ్చాడు. 7:20కల్లా పామును తలవైపు నుంచి పారదర్శకమైన ప్లాస్టిక్ గొట్టంలోకి పంపి పట్టాడు. పట్టిన తరువాత, చుట్టూ ముప్పైమంది చూస్తుండగా, దాని పొట్ట అంచున ఉన్న రెండు కత్తిరింపులు చూసి, దాచుకోకుండా పైకే అన్నాడు: “ఇది మేము పెట్టే గుర్తు మాదిరి ఉండాదే.”

ఆ ఒక్క మాటకు జనం అతన్ని చుట్టుముట్టారు. 7:45కు వచ్చిన ప్రతాప్ అతన్ని జీపులో కూర్చోబెట్టాడు. 8:30కి రిజిస్టరుతో సహా నరేంద్రను పిలిపించాడు. నరేంద్ర గొట్టంలోని పామును చూసి, “నలభై ఏడు” అన్నాడు. రిజిస్టరులో నలభై ఏడో నంబరు ఎదుట ఇలా ఉంది: అక్టోబరు 5న గంగవరం దగ్గర గుట్టలో విడుదల, సాక్షి సంతకం లేదు, ఆరిఫ్ ఒక్కడే వెళ్లాడు. ఆ గుట్ట ఇక్కడికి ఇరవై కిలోమీటర్లు. పన్నెండు రోజుల్లో రక్తపింజరి అంత దూరం పాకదు. కనుక ఆరిఫ్ దాన్ని వదల్లేదు, దాచుకున్నాడు అన్నది ప్రతాప్ వాదన. పోయిన నెలలో భీమరావు ఒక నాగుపామును కొట్టి చంపినప్పుడు ఆరిఫ్ పదిమంది ముందు, “పామును సంపినోనికి పామే బుద్ధి సెప్తాది” అని అరిచాడు. కారణమూ దొరికినట్టే.

మునీశ్వరి జీపు దగ్గరికి వెళ్లింది. ఆరిఫ్ చొక్కా భుజం దగ్గర చిరిగి ఉంది. తనను గురించి అతడు ఒక్క మాటా చెప్పుకోలేదు. పొద్దున్నుంచి తన ఫోను పోలీసుల దగ్గరే ఉందనీ, తంబళ్లపల్లె నుంచి గంగవరం దాకా పాము కనిపిస్తే కర్ర తీయకుండా తనకు ఫోను చేయడం జనానికి అలవాటు కావడానికి ఏడేళ్లు పట్టిందనీ, ఇవాళ ఆ ఫోను పలకకపోతే మళ్లీ కర్రలే లేస్తాయనీ చెప్పాడు.

“పామును మనిషి మీదికి వదిలినానని ఒక్కసారి పేరొస్తే, అమ్మా, నేను జైల్లో ఉన్నా బయట ఉన్నా ఒకటే. నన్ను ఎవురూ పిలవరు.”

10:20కి ఆమె తులసమ్మను ప్రశ్నించడం మొదలుపెట్టింది. తులసమ్మ కళ్లు వాచి ఉన్నాయి గానీ జవాబులు తడబడలేదు. రాత్రి మేత తనదనీ, తెల్లవారి మేత భర్తదనీ చెప్పింది. రాత్రికి వాకిలి పక్క కుప్ప, తెల్లవారికి గోడ పక్క కుప్ప, రోజూ అంతే. రాత్రి తొమ్మిదింటికి తాను వాకిలి పక్క ఆకు తీసుకున్నప్పుడు ఏమీ కనిపించలేదు. షెడ్డులోకి పరాయివాళ్లను రానిస్తారా అని అడిగితే ఆమెకు రోషం వచ్చింది.

“యాడ రానిస్తాం మేడమ్మా? పురుక్కి సీకు తగిలితే పంటంతా పాయె. నా తోడబుట్టినోడు వచ్చినా వాకిలి కాడ బ్లీచింగు నీళ్లల్లో కాళ్లు ముంచాల్సిందే.”

“నిన్న ఎవరు ముంచారు?”

“ఎవురూ లే. ఆ రిజిస్టరాయన ఒక్కడే. సాయంత్రం ఐదింటికి గోతం పట్టుకోని వచ్చి, పాముల పోస్టరు అతికించాలని ఆకుగదిలోకి పోయినాడు. ఆయన ఆరిఫప్ప మనిషే కదా. మొదుటినుంచీ వస్తానే ఉండాడు.”

“మీరు వెంట ఉన్నారా?”

“రెండు తట్టల ఆకు పరిసి వచ్చేలోపల ఆయన బయటికొచ్చేసినాడు.”

ఈ సంగతి ప్రతాప్‌కు తెలుసు. ఆరిఫ్ పంపితేనే నరేంద్ర వచ్చాడనీ, పోస్టర్లతో పాటు అతడిచ్చిన గోతంలో ఏముందో తనకు తెలియదని నరేంద్ర చెప్పాడనీ, అది కూడా వాంగ్మూలంలో రాసుకున్నానని అన్నాడు. నరేంద్ర షెడ్డు గోడకు ఆనుకుని నిలబడి ఉన్నాడు. ముప్పై ఐదేళ్ల మనిషి; ఇస్త్రీ చొక్కా; జేబులో రెండు పెన్నులు. తన పేరు వినపడగానే మణికట్టు వంక చూసుకున్నాడు. మునీశ్వరి అది గమనించింది.

10:40కి ఆమె కాళ్లు బ్లీచింగు నీళ్లలో ముంచి ఆకుగదిలోకి అడుగుపెట్టింది. పది అడుగులకు ఎనిమిది అడుగుల గది. పురుగుల మీద గుడ్లు పెట్టే ఊజీ ఈగ రాకుండా కిటికీలకు, పైకప్పు సందులకు నైలాను వల బిగించి ఉంది. ఆమె వల అంచులన్నీ వేలితో తడిమి చూసింది. చిరుగు లేదు. తలుపు కింద సందును తులసమ్మ రోజూ గోనెపట్టతో మూస్తుంది. నీళ్లు పోయే తూముకు ఇనుప జాలీ ఉంది. ఈగ దూరని గదిలోకి బొటనవేలంత మందం పాము దూరే దారి లేదు. పైగా రాత్రి పదకొండు నుంచి మూడు దాకా వాన పడింది. బయట నేలంతా ఎర్రబురద.

బయటికి వచ్చి, పామును పట్టినప్పుడు తీసిన ఫోటోలు చూపమని ప్రతాప్‌ను అడిగింది. అతడు అయిష్టంగానే ఫోను ఇచ్చాడు. గొట్టాన్ని కింది వైపు నుంచి తీసిన ఫోటోలు అవి. పొట్ట తెల్లగా, కడిగినట్టు ఉంది. ఒక్క చుక్క బురద లేదు.

“మోసుకొచ్చి పెట్టారు,” అంది.

“నేను చెబుతున్నదీ అదే కదా.” ప్రతాప్ గొంతు పెరిగింది. “మోసుకొచ్చినవాడు పాము పట్టడం తెలిసినవాడు. పాము మీద అతని గుర్తు ఉంది. గుర్తు అతని రిజిస్టరులో ఉంది. మీరు పుస్తకాలు చదివి కేసులు చేస్తారు, నేను మనుషుల్ని చూసి చేస్తాను.”

“ఈ కేసులో మీరు పుస్తకాన్నే నమ్మారు ఇన్‌స్పెక్టర్ గారూ. పామును చదవలేదు.”

“పామును చదివింది నేను కాదు, నరేంద్ర.”

“అదే నా బాధ.”

కానిస్టేబుళ్లు మరోవైపు తిరిగారు. చివరికి మునీశ్వరి, తనకు పదిహేను నిమిషాలు, మల్బరీ తోటలోని డ్రిప్పు పైపు రెండు ముక్కలు, ఒక సుద్దముక్క, ఒక బ్లేడు కావాలంది. తప్పు తేలితే మదనపల్లె దాకా జీపు వెనకాలే వచ్చి కోర్టు మెట్ల మీద క్షమాపణ చెప్పుకుంటానని కూడా అంది. ప్రతాప్ ఆ పందేన్ని వదులుకునే మనిషి కాదు. రోడ్డు వైపు చూస్తున్న నరేంద్రను కేకవేసి దగ్గరికి రమ్మన్నాడు.

గుర్తు పెట్టే పద్ధతి రిజిస్టరు మొదటి పేజీలో ఆరిఫ్ చేతిరాతలో ఉంది. వదిలిన రక్తపింజరి మళ్లీ ఏ ఊళ్లో దొరికినా పోల్చుకోవడానికి, మలద్వారం దగ్గర మొదలుపెట్టి తలవైపు పొట్ట పొలుసులు లెక్కపెట్టాలి. పదుల అంకెకు ఎడమ అంచున, ఒకట్ల అంకెకు కుడి అంచున, ఆ లెక్కకు వచ్చిన పొలుసు కొసను కొద్దిగా కత్తిరించాలి. నలభై ఏడుకు ఎడమ నాలుగు, కుడి ఏడు. మూడేళ్లుగా ఇలాగే జరుగుతోంది. ఆరిఫ్ పామును పట్టి కత్తిరించి నంబరు పలుకుతాడు. ఆరడుగుల దూరంలో కుర్చీ వేసుకుని నరేంద్ర రాస్తాడు. నరేంద్ర ఒక్కనాడూ కత్తెర పట్టలేదని ఇద్దరూ ఒప్పుకున్నారు.

మునీశ్వరి రెండు పైపు ముక్కల మీదా ఒక పక్కన సుద్దతో ఇరవై గీతలు గీసింది. అవి పొట్ట పొలుసులు. ఒక కొసకు దారం కట్టి అది తల అంది; లెక్క రెండో కొస నుంచి. మొదటి ముక్కను జీపులో ఉన్న ఆరిఫ్‌కు ఇచ్చి, నలభై ఏడో నంబరు పెట్టమంది. అతడు పైపును గీతలు కిందికి వచ్చేట్టు, పాము పాకుతున్నట్టే, తల ఎదుటికి పెట్టుకున్నాడు. ఎడమ అంచును బొటనవేలితో కొంచెం ఎత్తి నాలుగో గీత మీద గాటు పెట్టాడు. తరువాత కుడి అంచు ఎత్తి ఏడో గీత మీద. పైపును ఒక్కసారీ వెల్లకిలా తిప్పలేదు.

“తిప్పితే మెలి తిరుగుతాది,” అన్నాడు, ఆమె అడగకుండానే. “వెన్నెముక పోతాది. ఎన్నటికీ తిప్పను.”

రెండో ముక్క నరేంద్రకు ఇచ్చింది. అతడు దాన్ని చేతిలోకి తీసుకుంటూనే గీతలు పైకి వచ్చేట్టు వెల్లకిలా తిప్పుకున్నాడు. తల ఎదుటికి. తన ఎడమచేతి వైపు అంచున నాలుగు, కుడిచేతి వైపు అంచున ఏడు. గాట్లు నీటుగా పడ్డాయి.

ఆమె రెండు ముక్కలనూ గీతలు పైకి వచ్చేట్టు జీపు బానెట్ మీద పక్కపక్కన పెట్టింది. తలలు రెండూ ఒకే వైపు. ఆరిఫ్ పైపులో నాలుగో గీత గాటు కుడి పక్కన, ఏడోది ఎడమ పక్కన ఉన్నాయి. నరేంద్ర పైపులో నాలుగోది ఎడమ పక్కన, ఏడోది కుడి పక్కన.

“ఇన్‌స్పెక్టర్ గారూ, మీ ఫోటోలోనూ పొట్టే పైకి ఉంది. ఈసారి మీరు చదవండి. ఇంకెవరూ వద్దు.”

ప్రతాప్ ఫోను బానెట్ మీద పెట్టి, ఫోటోను పెద్దది చేసి, వేలితో ఒక్కొక్క పొలుసూ లెక్కపెట్టాడు. రెండోసారి లెక్కపెట్టాడు. మూడోసారి పెదవులు కదుపుతూ లెక్కపెట్టాడు. కత్తిరింపులు నరేంద్ర పైపులో ఉన్న చోటే ఉన్నాయి.

“అంటే, ఆరిఫ్ లెక్కలో ఇది...”

“పాము సొంత ఎడమ మీద ఏడు, కుడి మీద నాలుగు. డెబ్బై నాలుగు. రిజిస్టరులో చివరి నంబరు చూడండి.”

ప్రతాప్ పేజీలు తిప్పాడు. ఆఖరి పాము యాభై ఒకటి. డెబ్బై నాలుగో పాము ఇంకా పుట్టలేదు.

11:25. నరేంద్ర మరోసారి గడియారం చూసుకున్నాడు. తొందరలో తప్పు చదివానని గొణిగాడు. మునీశ్వరి గొంతు పెంచకుండా అతనికి వివరించింది. తప్పు చదివినంత మాత్రాన ఆరిఫ్ ఇంకా పెట్టని డెబ్బై నాలుగు పాము మీదికి రాదు; వెల్లకిలా తిప్పి నలభై ఏడు పెట్టబోయినవాడే అలా కత్తిరించాడు. సాక్షి సంతకం లేని పాము రిజిస్టరు మొత్తంలో నలభై ఏడొక్కటే అని తెలిసింది రాసినవాడికే. పైగా ఫోటోలో కత్తిరింపుల అంచులు ఇంకా ఎర్రగా ఉన్నాయి. పన్నెండు రోజుల గాయం అలా ఉండదు. ఎక్కడో పట్టిన పాముకు నిన్న పెట్టిన గుర్తు అది.

ప్రతాప్ మెల్లగా నరేంద్ర వైపు నడిచాడు. ఇంతసేపూ మునీశ్వరి మీద చూపిన కోపమంతా ఇప్పుడు అతని నడకలో ఉంది.

నరేంద్ర పారిపోలేదు. అక్కడే నేల మీద చతికిలబడ్డాడు. మాటలు ముక్కలుగా బయటికి వచ్చాయి. విషం తీసి అమ్మే ఒక మనిషి ఏడాది కిందట పరిచయమయ్యాడు. ఆరిఫ్ ఏ పామును ఏ గుట్టలో వదిలాడో రిజిస్టరు చూసి చెప్పడం తన పని. ఆ మనిషి వాటిని మళ్లీ పట్టించేవాడు. నరేంద్ర పేరు మీద ఒక ల్యాబు పెట్టిస్తానని మాట ఇచ్చాడు. పోయిన ఆదివారం గంగవరం గుట్ట దగ్గర వాళ్లిద్దరినీ భీమరావు చూశాడు. ఆరిఫ్‌కు చెబుతానన్నాడు. నిన్న ఆ మనిషి ఒక పామును వెల్లకిలా పట్టుకుంటే తాను గుర్తు కత్తిరించి, గోతంలో తెచ్చి గోడ పక్క కుప్ప మీద వదిలాడు.

“ఏడేండ్లు రాసినాను,” అన్నాడు నరేంద్ర, ఆరిఫ్ వైపు చూడకుండా. “పేపర్లో నీ ఫోటో. బడిలో నీ ఉపన్యాసం. నా పేరు యాడైనా ఉండాదా? పామంటే నాకు బయమని నువ్వు అందరికీ చెప్పి నవ్విస్తివి.”

ఆరిఫ్ జీపు దిగాడు. కానిస్టేబులు ఆపబోతే ప్రతాప్ వద్దన్నట్టు చెయ్యి ఊపాడు.

“నవ్వించింది నిజమే. తప్పే,” అన్నాడు ఆరిఫ్. “పట్టిన పాములు యాడ ఉండాయి?”

నరేంద్ర చూపు మళ్లీ మణికట్టు మీదికి పోయింది. ఈసారి మునీశ్వరి ఆ చేతిని పట్టుకుంది.

“పొద్దున్నుంచి అయిదోసారి. ఎన్నింటికి, ఏం రావాలి?”

“బస్సు,” అన్నాడు. “మదనపల్లెలో పది యాభైకి బయల్దేరే కుప్పం బస్సు. ఈ గేటు కాడికి పదకొండూ ముప్పావుకి వస్తాది. ఈడ ఎక్కి, కుప్పం స్టేషన్ కాడ ఆ మనిషికి అప్పజెప్పాల. పట్టుగూళ్ల మూట మాదిరి కట్టి, ఆటో ఆయనతో ఎక్కించినా. ఎనక సీటు కింద.”

ఈ రోడ్డు మీద పట్టుగూళ్ల మూట లేని బస్సు ఉండదు. దాన్ని విప్పి చూసేవాడూ ఉండడు.

“ఎన్ని?”

“తొమ్మిది. ఒక్కోటి ఒక్కో గుడ్డసంచిలో.”

ఆరిఫ్ అతని ఎదుట గొంతుక్కూర్చున్నాడు. అతడు అడిగిన ప్రశ్నకు అక్కడున్నవారెవరికీ అర్థం తెలియదు. నరేంద్రకు తెలుసు.

“సంచుల మూతి ఎట్ల కట్టినావు నరేంద్రా? మెలిపెట్టి, మడిచి, మడత మీద కట్టినావా?”

నరేంద్ర తల అడ్డంగా ఊపాడు. “దారంతో. ఒక్క చుట్టే. దగ్గరగా పట్టుకోడానికి నా చేతులు ఆడలేదు.”

ఆరిఫ్ లేచి నిలబడ్డాడు. ఒక్క చుట్టు దారం గుంతల రోడ్డు మీద గంటసేపు నిలవదనీ, తొమ్మిదింటిలో కొన్నయినా ఈపాటికి సంచి బయట ఉంటాయనీ, జనం నడవాలో తొక్కిసలాడితే కాట్లు తప్పవనీ చెప్పాడు. ఎవ్వరూ సీట్ల మీది నుంచి కాళ్లు దించకుండా కదలక కూర్చుంటే మాత్రం తాను ఒక్కొక్కటే తీయగలనన్నాడు. అప్పటికి 11:34. ప్రతాప్ కానిస్టేబుళ్లను రోడ్డుకు అడ్డంగా జీపు పెట్టమని పరుగెత్తించాడు. స్వాధీనం చేసుకున్న పాముల కొక్కెం, గొట్టాలు తానే తెచ్చి ఆరిఫ్ చేతికి ఇచ్చాడు.

ఆరిఫ్ తీసుకోలేదు.

“కాయితం రాసియ్యండి సార్.”

“ఇప్పుడా? బస్సు వస్తోంది.”

“ఇప్పుడే. పొద్దున్నుంచి వాట్సాప్‌లో నా ఫోటో తిరుగుతాంది. పామును వదిలి మనిషిని కరిపించినోడని. ఆ మనిషే కొక్కెం పట్టుకుని బస్సెక్కి, ఎవురూ కదలద్దండని చెప్తే వింటారా? లేచి దుంకుతారు. దుంకితే చస్తారు. నా మాట వాళ్లు వినాల సార్. దానికి మీ సంతకం కావాల.”

ప్రతాప్ రిజిస్టరు మీద కాగితం పెట్టి, నిలబడే రాశాడు. “భీమరావుకు జరిగిన ప్రమాదంలో ఆరిఫ్‌కు ఎలాంటి పాత్ర లేదని విచారణలో తేలినందున అతనిని విడిచిపెట్టడమైనది. ఈ వాహనంలో అతని మాటను నా మాటగా పాటించవలెను.” తేదీ వేశాడు; 11:39 అని సమయం వేశాడు; సంతకం చేశాడు. మునీశ్వరి సాక్షిగా సంతకం పెట్టింది. ఆ మధ్యలోనే మదనపల్లె ఆసుపత్రి నుంచి డాక్టరు హుమా ఫోను చేసింది: విషం వల్ల గడ్డకట్టకుండా పోయిన భీమరావు రక్తం మళ్లీ గడ్డకట్టడం మొదలైంది, గండం గడిచింది. తులసమ్మ వాకిట్లోనే కూలబడి ఏడ్చింది.

11:43కు బస్సు మలుపు తిరిగి కనిపించింది. జీపును చూసి ఆగింది. నలభై మందికి పైగా ఉన్నారు. ముందు తలుపు తెరుచుకోగానే ఎవరో కిటికీలోంచి ఆరిఫ్‌ను గుర్తుపట్టి గట్టిగా ఏదో అన్నారు. రెండు సీట్లలో జనం లేవబోయారు.

ప్రతాప్ ఫుట్‌బోర్డు ఎక్కాడు. టోపీ సర్దుకుని, కాగితాన్ని మొదటి అక్షరం నుంచి చివరి అక్షరం దాకా, పరేడ్ మైదానంలో చదివినట్టు చదివాడు. “విడిచిపెట్టడమైనది” అన్న మాటను రెండోసారి మరింత గట్టిగా చదివాడు. చదవడం పూర్తయ్యాక, తప్పు తనదని కూడా, కాగితంలో లేకపోయినా, అన్నాడు.

బస్సు నిశ్శబ్దమైంది. లేచినవాళ్లు కూర్చున్నారు. ముందు సీటులో ఒక ముసలామె తన కాళ్లు సీటు మీదికి తీసుకుని, పక్కనున్న ఆమె కాళ్లు కూడా లాగి పైన పెట్టింది. ఆ నిశ్శబ్దంలో, వెనుక నుంచి, ప్రెషర్ కుక్కరు ఆవిరి వదిలినట్టు పొడుగాటి బుస వినిపించింది. తరువాత మరొకటి. రెండోది వెనుక సీటు దగ్గర నుంచి కాదు, బస్సు నడిమధ్య నుంచి.

ఎవ్వరూ కదలలేదు. అందరూ ఆరిఫ్‌నే చూస్తున్నారు.

ఆరిఫ్ ప్రతాప్ చేతిలోంచి కాగితం అందుకున్నాడు. సంతకం తడి ఆరిందో లేదో వేలితో చూశాడు. నాలుగు మడతలు పెట్టి, చిరిగిన చొక్కా జేబులో పెట్టుకుని, గుండీ పెట్టుకుని, కొక్కెం చేతికి తీసుకున్నాడు.